తోమని గిన్నె

మిల్లు కాంటీన్‌లో అందరూ ఆమెను గిన్నెలక్క అంటారు. అసలు పేరు హాజరు పుస్తకంలో ఉంటే ఉండవచ్చు గాని ఎవరి నోట్లోనూ లేదు. పంతొమ్మిదో ఏట అంట్ల తొట్టి ముందు నిలబడింది. ఇరవై ఏడేళ్ళుగా అక్కడే నిలబడి ఉంది. ఆమె చేతిలోంచి బయటపడ్డ కంచంలో ముఖం కనబడుతుంది. వంట మేస్త్రి మీసం కత్తిరించుకోవాలంటే అద్దం కోసం వెతుక్కోడు, ఆరబెట్టిన కంచాల వరసలోంచి ఒకటి లాక్కుంటాడు. "మళ్ళీ కడిగి పెట్టు మేస్త్రీ, నీ మీసం ఎవరూ తినరు" అంటుంది ఆమె.

తోమినట్టు కనబడటం వేరు, తోమటం వేరు అన్నది ఆమె సిద్ధాంతం. కొత్తగా పనిలో చేరినవాళ్ళు కడిగిన కంచాన్ని బొటనవేలితో రాసి చూస్తుంది. కిర్రుమంటే సరే. వేలు జారితే ఆ కంచం మళ్ళీ తొట్టిలోకే.

ఇన్నేళ్ళలో ఒక్క గిన్నె మాత్రం ఆమెకు లొంగలేదు. అది వెడల్పాటి ఇనుప మూకుడు, లోతు నాలుగు వేళ్ళుండదు. ఎప్పుడో ఎవరో పొయ్యి మీద మరిచిపోతే అడుగంతా మాడి, నల్లటి బొడిపెలు కట్టింది. బూడిదతో తోమింది, ఇటుకపొడితో తోమింది, రాత్రంతా నానబెట్టి గరిటె కాడతో గీకింది. మాడు మాడే. చివరికి దాన్ని తొట్టి కిందికి తన్నేసి, కనబడకుండా ఒక గోనెపట్టా కప్పింది. వంట మేస్త్రి అప్పుడప్పుడు వంగి చూసి, "నీ సవతి ఇంకా ఇక్కడే కాపురం చేస్తోందే!" అని ఎగతాళి చేస్తాడు.

ఆమె భర్త బస్సు డ్రైవరు. పోయినేడు ఒకరోజు పొద్దున్నే సీట్లో కూర్చుని స్టీరింగు పట్టుకోబోతే కుడిచేయి మాట వినలేదు. బస్సు ఇంకా కదలలేదు కాబట్టి ఎవరికీ ఏమీ కాలేదు, ఆయనకు తప్ప. కుడిపక్క చచ్చుబడింది. మాట పడిపోయింది. నెలల మీద కాలు కాస్త కదిలింది, చేతికి కొంచెం కొంచెంగా జీవం వచ్చింది గాని, మాటలు మాత్రం రెండే మిగిలాయి. "ఊఁ" ఒకటి, "నీళ్ళు" ఒకటి.

ఆసుపత్రిలో నర్సు చెప్పింది. "మాటలు ఎక్కడికీ పోలేదమ్మా, దారి తప్పాయంతే. కొత్తమాట ఏదైనా అంటే గుర్తుపెట్టుకో. ఒకటి దారి కనుక్కుంటే దాని వెనకే ఇంకోటి వస్తుంది."

అప్పట్నుంచి గిన్నెలక్క ఆ మూడో మాట కోసం కాచుకుని ఉంది. అన్నం పెడుతూ ఆయన పెదవుల వంక చూస్తుంది. స్నానం చేయిస్తూ చూస్తుంది. ఆ మాట ఏదైనా ఫరవాలేదు, తిట్టయినా ఫరవాలేదు. తన చెవినే ముందు పడాలి. ఇరవై నాలుగేళ్ళు కాపురం చేసింది, ఆ మాత్రం ఆశ పడకూడదా?

కాని ఆమె తెల్లవారగానే పనికి పోవాలి, తిరిగొచ్చేసరికి మూడు దాటుతుంది. వెళ్ళే ముందు ఆయన్ని పెరటి వసారాలో పేము కుర్చీలో కూర్చోబెడుతుంది. మధ్యాహ్నం అన్నం పెట్టేది చెల్లెలు.

చెల్లెలిది పక్క వాటాయే. తండ్రి కట్టిన ఇంటిని మధ్యలో గోడ పెట్టి అక్కాచెల్లెళ్ళు పంచుకున్నారు. పెరట్లో గోడ లేదు, మోకాటి ఎత్తు తీగ కంచె ఒకటే. చెల్లెలు ఇంట్లో కూర్చుని దర్జీల దగ్గర్నుంచి తెచ్చిన చొక్కాలకు కాజాలు, గుండీలు కుడుతుంది. చిన్నప్పుడు వాళ్ళమ్మ ఆమెకు రేపటమ్మ అని పేరు పెట్టింది. ఏ పని చెప్పినా రేపు చేస్తానంటుంది కాబట్టి. పెళ్ళి సంబంధం వచ్చినప్పుడు కూడా రేపు చెబుతానంది. ఆ రేపు ఇంకా రాలేదు, ఆమెకు నలభై ఒకటి వచ్చాయి.

కంచెకు ఇవతల గిన్నెలక్క పెరడు అరచెయ్యిలా ఉంటుంది. రాలిన ఆకు మధ్యాహ్నం దాకా నిలవదు. అవతల చెల్లెలి పెరట్లో గడ్డి మోకాళ్ళదాకా లేచింది, నిమ్మచెట్టు ఇష్టం వచ్చినట్టు కొమ్మలు చాచి కంచె మీద కూడా పడింది. కుళాయి మూడేళ్ళుగా కారుతోంది. రేపు బాగుచేయిస్తుంది. ఆ కుళాయి కింద పూలకుండీకి అడుగున పెట్టే మట్టి పళ్ళెం ఒకటి పడి ఉంది. అంచు విరిగింది, లోపల పచ్చగా పాచి పట్టింది, ఎక్కణ్ణుంచో సగం ఇటుక వచ్చి దాంట్లో పడింది. పిట్టలకని ఎవరూ దాన్ని అక్కడ పెట్టలేదు. చుక్కచుక్కగా నీళ్ళు నిండాయి, పిట్టలు వాటంతట అవే కనుక్కున్నాయి. పిచ్చుకలు, గోరింకలు, ఒక జత పావురాలు. ఎండ ముదిరేకొద్దీ అక్కడ సంతే.

ఒకరోజు గిన్నెలక్క పనినుంచి వచ్చేసరికి చెల్లెలు కంచె దగ్గర నిలబడి దారం తెంపుకుంటోంది.

"అక్కా, చెప్పటం మరిచిపోయాను. నిన్న బావ మాట్లాడాడు."

గిన్నెలక్క భుజం మీంచి సంచీ జారింది. "నిన్నా?"

"ఆఁ, నిన్న మధ్యాహ్నం. రెండు పిచ్చుకలు పళ్ళెం దగ్గర తగువులాడుకుని, ఒకదాన్నొకటి తోసుకుని రెండూ నీళ్ళలో పడ్డాయి. బావ పకపకా నవ్వాడు. నవ్వి 'పిట్ట' అన్నాడు. ఎంత స్పష్టంగా అన్నాడనుకున్నావు! సరే, రేపు చెబుదాంలే అనుకున్నా."

గిన్నెలక్క పరుగెత్తినట్టు వసారాలోకి వెళ్ళి భర్త ముందు గొంతుక్కూర్చుంది. "ఏమండీ, పిట్ట అన్నారటగా? ఏదీ, అనండి. పిట్ట. పి... ట్ట..."

ఆయన ఆమె వంక దయగా చూసి, "ఊఁ" అన్నాడు.

ఆ సాయంత్రం ఆమె మూడు గిన్నెల వంట చేసి ఆరు గిన్నెలు తోమింది. చెల్లెలు చెప్పిన మాట చెవిలో గింగురుమంటూనే ఉంది. చిన్నప్పుడూ అంతే. చదువు మాన్పించి పనికి పంపింది పెద్దదాన్ని, ఎవరి ఒళ్ళోనైనా తల పెట్టుకుని నిద్రపోయింది చిన్నది. ఒళ్ళు వంచింది ఒకరు, ముద్దు చేయించుకుంది ఇంకొకరు. ఇప్పుడు చూడు, దానికి పళ్ళెం తోమే ఓపిక లేదు, పిట్టలు దాని ఇంటికి. ఆయన మూడో మాట దాని చెవికి. అదైనా వెంటనే చెప్పిందా? నిన్నటి అన్నంలా చల్లార్చి ఇవాళ తెచ్చి పెట్టింది.

మర్నాడే గిన్నెలక్క ఇంట్లోకెల్లా మంచి స్టీలు బేసిను అటక మీంచి దించింది. సబ్బుపొడి వేసి తోమింది, కడిగి బొటనవేలితో రాసి చూసింది. కిర్రుమంది. పెరటి మధ్యలో, ఆకు నీడ కూడా పడని చోట, అందరికీ కనబడేలా పెట్టి అంచుదాకా నీళ్ళు నింపింది. తర్వాత భర్త కుర్చీని చెల్లెలి పెరటి వైపునుంచి తన పెరటి వైపుకు తిప్పింది.

"ఇవాళ్టినుంచి మన పిట్టల్ని చూద్దురుగాని" అంది.

పిట్టలు రాలేదు. రెండు రోజులు చూసింది. నీళ్ళు పాతబడ్డాయేమోనని పొద్దున పనికి పోయే ముందు, వచ్చాక, మళ్ళీ చీకటి పడే ముందు బేసిను తోమి నీళ్ళు మార్చింది. మూడోరోజు ఒక కాకి వచ్చి అంచు దగ్గర వాలి, లోపలికి తొంగిచూసి, తన ముఖం తనకే కనబడేసరికి కావుమని అరిచి ఎగిరిపోయింది. ఆ సంగతి కాంటీన్‌లో చెప్పటం ఆమె చేసిన పొరపాటు. "కాకికే అద్దం చూపించావా తల్లీ! పాపం, ఇన్నాళ్ళూ తెల్లగా ఉన్నాననుకుంది కాబోలు" అని వంట మేస్త్రి వారం రోజులు నవ్వాడు.

నవ్వితే నవ్వనీ. ఆమెను కోసింది అది కాదు. రోజూ తను పనినుంచి వచ్చేసరికి కుర్చీ మళ్ళీ చెల్లెలి పెరటి వైపు తిరిగి ఉంటోంది. వసారా సిమెంటు గచ్చు మీద కుర్చీ కాళ్ళు ఈడ్చిన తెల్లటి గీతలు, సగం చక్రంలా, రోజురోజుకూ లోతవుతున్నాయి.

వారం తిరిగాక ఆమె కంచె దగ్గరికి వెళ్ళింది.

"ఏమే, నా మొగుడి కుర్చీని తిప్పటానికి నువ్వెవరివే?"

చెల్లెలు సూదిలో దారం ఎక్కిస్తూ తలెత్తింది. "నేను తిప్పటమేమిటి?"

"కాకపోతే నేను తిప్పుకున్నానా? అన్నం పెట్టమన్నాను గాని, ఆయన్ని నీవైపు తిప్పుకోమన్నానా?"

"అయ్యో అక్కా, ఆ కుర్చీ నేను తిప్పగలనా? గుండీ తిప్పి కుట్టటానికే నాకు బద్ధకం" అని చెల్లెలు నవ్వింది. తర్వాత అక్క ముఖం చూసి నవ్వు ఆపేసింది. "నిజంగా నేను కాదక్కా."

గిన్నెలక్క నమ్మలేదు. దొంగ దొరికినా చేతిలో ఉన్నది నాది కాదనే అంటాడు.

ఆ శుక్రవారం మిల్లులో బాయిలరు ఆగి, మధ్యాహ్నం కాకముందే అందర్నీ పంపేశారు. గిన్నెలక్క ఇంటికి వచ్చింది. చెల్లెలి వాటాకు తాళం ఉంది, కుట్టిన చొక్కాలు ఇవ్వటానికి వెళ్ళినట్టుంది. వంటింట్లోంచి పెరటి గుమ్మం దాకా వచ్చి, బయట ఏదో ఈడుస్తున్న చప్పుడు విని ఆగిపోయింది.

ఆయనే. ఎడమకాలు నేలకు తన్నిపెట్టి, కుర్చీని అంగుళం జరిపాడు. ఆగాడు. ఊపిరి తీసుకున్నాడు. కుడిచేయి! వ్యాయామం చేయించేవాడు రబ్బరు బంతి ఇస్తే నిలవకుండా జారిపోయే చేయి, ఇప్పుడు కుర్చీ చేతిని అయిదు వేళ్ళతో పట్టుకుంది. నుదుటి మీద చెమట. ఇంకో అంగుళం. గచ్చు మీద గీత వెంబడే, బస్సును ఇరుకు సందులో మలుపు తిప్పినట్టు, పూర్తిగా అటువైపు తిరిగేదాకా వదల్లేదు.

సంతోషించవలసిన సంగతే. సంతోషించింది కూడా, రెప్పపాటు. ఆ వెంటనే కళ్ళలో కారం కొట్టినట్టయింది. చచ్చుబడ్డ చేతికి ప్రాణం వచ్చింది, సరే. వచ్చింది దేనికి? తన పెరటికి వీపు తిప్పుకోవటానికా?

ఆమె పీచు తీసుకుంది. సబ్బుపొడి డబ్బా తీసుకుంది. ఆయన పక్కనుంచే నడిచి, కంచె దాటి, కుళాయి దగ్గర కూర్చుంది. పిచ్చుకలు బుర్రుమని లేచిపోయాయి.

"పాచి నీళ్ళు తాగితే పిట్టలకు జబ్బు చేస్తుంది. శుభ్రం చేస్తున్నాను" అంది, వెనక్కి చూడకుండానే.

"ఊఁ, ఊఁ" అంటున్నాడాయన. అది ఎప్పుడూ అనే ఊఁ కాదు. ఆమెకు తెలుసు. తెలిసీ తోమింది. ఇరవై ఏడేళ్ళుగా గుండ్రంగా తిరిగే చేయి ఆవేళ గుండ్రంగా తిరగలేదు, గోళ్ళతో గీరినట్టు తిరిగింది. పాచి అంతా ముద్దలు ముద్దలుగా ఊడి వచ్చింది. ఇటుకను వెనకగోడ మీంచి అవతలికి విసిరేసింది. కారే కుళాయికి గుడ్డపీలిక బిగించి కట్టింది. పళ్ళెం ఎర్రగా, కొత్తగా, కుమ్మరి దగ్గర్నుంచి అప్పుడే తెచ్చినట్టయింది. నీళ్ళు పోసి వచ్చేసింది. ఎవరైనా చూస్తే పుణ్యం చేసిందనే అనుకుంటారు.

పిట్టలు నిమ్మకొమ్మల దాకా వచ్చాయి. కాసేపు అరిచాయి. వెళ్ళిపోయాయి. మర్నాడు అంతకంటే తక్కువ వచ్చాయి. ఆ తర్వాత రాలేదు.

కుర్చీ కూడా తిరగలేదు. గిన్నెలక్క పొద్దున ఎటువైపు కూర్చోబెట్టి వెళ్ళిందో మధ్యాహ్నం వచ్చేసరికి అటువైపే ఉంది. తన పెరటి వైపే. ఆమె కోరుకున్నది అదే. కాని ఆయన పెరటివైపు చూడటం లేదు, ఒళ్ళో పడి ఉన్న కుడిచేతిని చూసుకుంటున్నాడు. మూడోరోజు దాహమేసినా "నీళ్ళు" అనలేదు, గ్లాసు వైపు గడ్డం ఎత్తాడంతే. మూడో మాట వినాలని కూర్చున్న ఆమెకు, ఉన్న రెండింట్లో ఒకటి పోయింది.

ఆ సాయంత్రం చెల్లెలు కంచె దగ్గరికి వచ్చింది.

"అక్కా, నా పళ్ళెం తోమింది నువ్వేనా?"

అబద్ధం చెప్పవచ్చు. నోరు రాలేదు. "ఆఁ."

"అంత కొత్తదయ్యేలా ఇంకెవరు తోముతారులే!" చెల్లెలు కంచెకు మోకాళ్ళు ఆనించింది. "ఇటుక ఏం చేశావు?"

"గోడ అవతలికి విసిరేశాను. తిట్టవేమే? తిట్టరాదూ?"

"రేపు తిడతాలే."

దానికి గిన్నెలక్కకు నవ్వు రాబోయి, ఏడుపు వచ్చింది. ఎప్పుడూ ఎవరి ముందూ ఏడ్చే మనిషి కాదు. కొంగు ముఖానికి అడ్డం పెట్టుకుంది. "ఇరవై నాలుగేళ్ళే! ఆయన బూట్లు తుడిచాను, ఇప్పుడు మూతి తుడుస్తున్నాను. ఒక్క మాట, ఒకే ఒక్క మాట వస్తే అది నీ దగ్గర అన్నాడు."

చెల్లెలు చేతిలోని దారం వేలికి చుట్టుకుంది.

"నా దగ్గర అనలేదక్కా" అంది. "నేను తలొంచుకుని గుండీ కుడుతున్నాను. బావ నావైపు చూడను కూడా లేదు. పిట్టను చూసి పిట్ట అన్నాడు, అంతే. నీ బేసిను దగ్గర పిట్ట వాలితే నీ దగ్గరే అనేవాడు."

"వాలదుగా! నీ బురద పళ్ళెం కావాలి వాటికి!"

"వాలిందక్కా, మొన్న ఒక పిచ్చుక. అంచు మీద కాలు నిలవలేదు. జర్రున జారి, నీళ్ళలో పడబోయి పారిపోయింది. నువ్వు దాన్ని అలా నున్నగా తోమితే ఎక్కడ నిలబడుతుంది? పైగా ఎండ పడి ఆ మెరుపుకు నా కళ్ళే చెదురుతున్నాయి. లోతూ ఎక్కువే. అది పిట్ట, గేదె కాదు కదా."

గిన్నెలక్క లోపలికి వెళ్ళిపోయింది. రాత్రి పక్క మీద బొటనవేలిని చూపుడువేలికి రాసుకుంటూ చాలాసేపు ఆలోచించింది. కిర్రుమనే గిన్నె ఎవరికి కావాలి? మనుషులకు. ఇన్నేళ్ళలో ఆ ప్రశ్న ఎప్పుడూ రాలేదు.

మర్నాడు కాంటీన్‌లో పని అయ్యాక తొట్టి కిందికి వంగి గోనెపట్టా తీసింది. మాడు మూకుడును బయటికి లాగింది. మేస్త్రిని అడిగితే, "తీసుకుపో, పీడ వదులుతుంది. సవతిని నువ్వే చెయ్యి పట్టుకుని ఇంటికి తీసుకుపోవటం ఇప్పుడే చూస్తున్నా" అన్నాడు. ఆమె ఉత్త నీళ్ళతో కడిగి సంచీలో పెట్టుకుంది.

నిమ్మకొమ్మ కంచె దాటి తన పెరట్లోకి వంగినచోట, దాని నీడలో మూకుడు పెట్టింది. గోడ వెనక్కి వెళ్ళి, ముళ్ళలో వెతికి ఇటుక తెచ్చింది. దాన్ని చెల్లెలి పళ్ళెంలో ఎక్కడ తీసిందో అక్కడే పెట్టి, కుళాయికి కట్టిన పీలిక విప్పింది. తన మూకుడులో ఒక పలకరాయి వేసింది. రెండు వేళ్ళ లోతు నీళ్ళు పోసింది. నల్లటి బొడిపెలు నీళ్ళలోంచి తలలెత్తి చూస్తున్నాయి. అసహ్యంగా ఉంది. చేయి దురద పెట్టింది. అయినా లేచి లోపలికి పోయింది.

బేసిను మళ్ళీ అటకెక్కింది. రోజూ పొద్దున మూకుడులో పాతనీళ్ళు పారబోసి, అరచేత్తో ఒకసారి తుడిచి కొత్తనీళ్ళు పోసేది. సబ్బు లేదు, పీచు లేదు. నాలుగు రోజులు గడిచాయి.

అయిదోరోజు ఆమెకు సెలవు. భర్తకు టిఫిను పెట్టి, వసారా మెట్టు మీద కూర్చుంది. కుర్చీని ఎటూ తిప్పలేదు, వసారా ఊడ్చినప్పుడు గోడవైపు తిరిగినదాన్ని అలాగే వదిలేసింది. ఎండ పెరిగింది. ముందు ఒక పిచ్చుక వచ్చింది, ఆడది. కొమ్మ మీద కూర్చుని తల ఇటు వంచి చూసింది, అటు వంచి చూసింది. మూకుడు అంచు మీద దిగింది. మాడు బొడిపె మీద కాళ్ళు గట్టిగా ఆనించింది. జారలేదు. ముక్కు ముంచి, తలెత్తి, నీళ్ళు గొంతులోకి దించుకుంది. దాని వెనక ఇంకోటి.

వెనక గచ్చు మీద కుర్చీ ఈడ్చిన చప్పుడు. ఆమె తిరిగి చూడలేదు. సాయం కూడా చేయలేదు. అంగుళం అంగుళంగా ఆ చప్పుడు తన భుజం పక్కకు వచ్చి ఆగింది.

పిచ్చుకలు మునిగాయి, రెక్కలు విదిలించాయి, వెళ్ళాయి. వెళుతూ అంచంతా రెట్ట వేసి పోయాయి. తెల్లటి చారలు, ఆమె కళ్ళెదురుగా, ఆమె పెరట్లో. ఇరవై ఏడేళ్ళ అలవాటు ఆమెకంటే ముందు లేచింది. పీచు చేతికి ఎలా వచ్చిందో తెలియదు, మెట్టు దిగి రెండడుగులు వేసింది.

"తోమకు."

గొంతు బొంగురుగా ఉంది. చాలాకాలం మూసి ఉన్న తలుపు తెరిచినట్టుంది. ఆమె పీచుతో అలాగే నిలబడిపోయింది. మెల్లగా తిరిగింది. ఆయన కళ్ళు పిట్టల మీద లేవు, మూకుడు మీద లేవు. నేరుగా ఆమె మీదున్నాయి. పెదవి ఎడమవైపు కాస్త వంకర తిరిగింది, పాతరోజుల్లో ఆమెను ఏడిపించబోయే ముందు తిరిగినట్టు.

"తోమకు" అన్నాడు మళ్ళీ.

"తోమను" అంది ఆమె. మెట్టు మీదికి వచ్చి కూర్చుంది. పీచు ఒళ్ళో పెట్టుకుని రెండు చేతులతో పట్టుకుంది.

కంచె అవతలనుంచి చెల్లెలు ఆవులించుకుంటూ వచ్చింది. నిమ్మకొమ్మ తప్పించి తొంగిచూసింది. "అక్కా, మీ మూకుడు మీద వాలినట్టున్నాయే! నా పళ్ళేనికి ఇంకా ఒక్కటీ రాలేదు. బావ ఏమన్నా అన్నాడా?"

గిన్నెలక్క భర్త వంక చూసింది. ఆయన "ఊఁ" అన్నాడు, ఏమీ ఎరగనట్టు.

"ఏమంటాడు? విన్నావుగా" అంది ఆమె.

చెల్లెలు వెళ్ళిపోయింది. చెప్పకూడదని కాదు. చెబుతుంది. రేపు చెప్పవచ్చులే అనుకుంది గిన్నెలక్క.